శొంఠి చాయ్

బాబు మియా ఒక గుటక తాగి గ్లాసు కింద పెట్టాడు.

"ఇది గాదు."

కోడలు ముబషిరా గడపలో నిలబడి ఉంది. "శొంఠి దంచి ఏసిన గద మామా."

"ఏసినవ్. లేదన్ననా? కారం ఉన్నది. మీ అత్త చాయ్‌ల ఎనక నుంచి జర చేదు తగిలేది, నాలిక కొసకు. అది లేదు."

"చేదు కావాల్నని పోరుపెట్టేటోన్ని నిన్నే చూస్తున్న." ఆమె నవ్వబోయింది. నవ్వు సగంలో ఆగింది. గ్లాసు తీసుకొని లోపలికి పోయింది. ఆయన చేదు మాట ఎత్తినప్పుడల్లా ఆమె ముఖం అలాగే మారుతోంది.

మానవపాడులో రోడ్డు వారగా రేకుల షెడ్డు. లోపల దూది ఏకే మిషను, ముందర అరుగు, వెనక ఇల్లు. బాబు మియా అరుగు మీద ఒక పాత పరుపు విప్పుకొని కూర్చున్నాడు. అది గిరాకీది కాదు. చనిపోయిన భార్య తాజ్‌బీ పడుకున్న పరుపు. శుక్రవారం ఆమె చాలీస్వా, నలభయ్యో దినం ఫాతెహా. అప్పటికి చనిపోయినవాళ్ల పక్కబట్టలు ఇల్లు దాటాలి. వేరేవాళ్లయితే ఉన్నది ఉన్నట్టు మూటగట్టి ఎవరికో ఇచ్చేస్తారు. దూదేకుల ఇంట్లో అలా ఇస్తే నామర్దా. విప్పి, దూది మళ్లీ ఏకి, కొత్త గుడ్డలో కుట్టి ఇవ్వాలి. ఈ పరుపు ఏటిగడ్డ దర్గా చూసుకునే ముజావర్ అఫ్జల్‌కు ఇస్తానని ఆయన మాటిచ్చాడు.

పాత దూది మధ్యలో పల్లంపడి ఉంది. ఒక మనిషి ఒత్తిగిలి పడుకున్నంత పల్లం. ఆయన అందులోకి చేయి పోనిచ్చి గడ్డలు విడదీశాడు. మిషనులో పిడికిలి పిడికిలిగా వేశాడు. పొట్టు ఎగిరి కనుబొమ్మల మీద, గడ్డం మీద పడింది. ఏకిన దూదిని కొత్త గుడ్డ మీద వరసలుగా పరిచి, బెత్తంతో సమంగా కొట్టి, అంచులు మూశాడు. ఇక దూది కదలకుండా టాకాలు వేయాలి. దబ్బనంలో పురికొస ఎక్కించాడు.

ఒక్కసారికే ఎక్కింది.

చేయి పైకెత్తి వేళ్లు చూసుకున్నాడు. ఇరవై ఏళ్లుగా వణికిన వేళ్లు. తాజ్‌బీ బతికి ఉండగా దబ్బనం ఆమే ఎక్కించి ఇచ్చేది. ఇప్పుడు వణుకు లేదు. ఆమె పోయిన కొద్ది దినాలకే తగ్గడం మొదలైంది. మొద్దుబారిన నాలుక కూడా తేలికైంది. చీకటి ఉండగానే మెలకువ వస్తోంది, మళ్లీ పడుకోవాలని అనిపించడం లేదు. పీరు దయ అనుకున్నాడు. ఆడమనిషిని తీసుకుపోయి పీరు ఇది ఇచ్చాడు అనుకున్నాడు.

మోటరుసైకిలు మీద పెంటయ్య వచ్చాడు. వెనక కొడుకు భరత్. పెంటయ్యది సీడుపత్తి సేద్యం, విత్తనం కోసం పూలను చేత్తో సంకరం చేసే పని. బాబు మియాకు చిన్నప్పటి దోస్తు.

"ఎల్లుండి బేస్తారం దర్గాకు పోవుడు పక్కానా, బాబుమియా?"

"పక్కా. తౌఫీక్ ఆటో తీస్తడు. ఈ పరుపు అఫ్జల్‌కు దింపేది ఉన్నది. మీరు గూడ అందుట్లనే రాండ్రి."

"సలాం చాచా," అన్నాడు భరత్. ఒక్కో మాటను మోసుకొచ్చి కింద పెట్టినట్టు అన్నాడు. కూర్చోమనకముందే అరుగు అంచు మీద కూర్చున్నాడు.

పెంటయ్య కొడుకు మణికట్టు పట్టుకొని పైకి ఎత్తాడు. "చూడు వీని చెయ్యి. క్రాసింగు నడుస్తుంది చేన్ల. పొద్దెక్కకముందల పూలకు పూలు ముట్టియ్యాలె. వీడు ముట్టిస్తే సగం ఇరుగుతున్నయి. గద్వాల డాక్టరు గోలీలు సురువు చేసినంకనే గిట్ల."

"అంతకుముందు పూలు ఇరగ్గొట్టలే నాయినా. బోరు స్టార్టరు డబ్బా ఇరగ్గొట్టిన."

"ఇగో, గిట్ల ఎదురు మాట్లాడుతడు."

"అది నా మాటలు రికార్డు చేస్తుందనుకున్న చాచా. మూడు దినాలు బోరు కాడనే కూసున్న, తిండి లేకుండ. ఇప్పుడు చేస్తలేదు. గోలీలు ఏసుకున్నంక బందైంది." భరత్ ఎవరి మీదా కోపం లేకుండా చెప్పాడు. "చెయ్యి వణుకుడు డాక్టరుకు చెప్తే మందు మారుస్తడంట."

"మందు మీద మందు," అన్నాడు పెంటయ్య.

బాబు మియా లుంగీ అంచు పైకి లాగాడు. కుడి చీలమండ చుట్టూ నల్లగా గట్టిపడిన చర్మం. ఈ ప్రాంతంలో ఆ మచ్చ చూడనివాళ్లు తక్కువ. ఆయన దాచుకునే మచ్చ కాదు అది.

"చూడు భరత్. తలకాయ తప్పిననాడు నాకు గోలీ ఎవడిచ్చిండు? గొలుసు ఇచ్చిన్రు. ఏటిగడ్డ దర్గాల స్తంభానికి కట్టిన్రు. ముజావర్ రోజు ఫాతెహా పాలు తాగించిండు, మూడో బేస్తారం గొలుసు ఇప్పిండు. ఇంటికొచ్చి మిషను మీద కూసున్న. ఇప్పటిదాంక ఒక్క గోలీ మింగలే. పారేయి వాటిని."

"నీ చెయ్యి గూడ వణుకుతది గద చాచా. నా చిన్నప్పటి సంది చూస్తున్న."

"వణికేది. ఇప్పుడు చూడు." చేయి చాపాడు. వేళ్ల మధ్య దబ్బనం కదలలేదు.

పెంటయ్య తొడ చరిచాడు. "అద్గదీ!"

భరత్ ఆ చేతిని చాలాసేపు చూశాడు. "ఎప్పటి సంది తగ్గింది?"

"తాజ్ పోయినంక."

"ఎందుకు?"

బాబు మియా లుంగీ అంచు కిందికి దించుకున్నాడు. లోపల ఏదో గిన్నె కింద పడింది. పెంటయ్య కొడుకు జేబులోంచి గోలీల అట్ట తీసి తన జేబులో పెట్టుకున్నాడు.

"నాయినా, నిద్ర పట్టదు నాకు."

"పట్టకుంటే చేన్లకు పో. నాలుగు పూలు ముట్టియ్యి."

మరునాడు పొద్దున కొడుకు తౌఫీక్ ట్రాలీ ఆటో తీశాడు. చిన్న మిషను వెనకే బిగించి ఉంది. ఊరూరా తిరిగి వాకిట్లోనే దూది ఏకి ఇస్తాడు. మైకులో అతని గొంతే రికార్డు చేసి పెట్టుకున్నాడు. 'పాత పరుపులు కొత్తగ చేస్తం, దిండ్లు, బొంతలు...' ఆటో రోడ్డెక్కి మలుపు తిరిగింది. గొంతు పలచబడింది. పలచబడిన గొంతులోంచి ఇంకో గొంతు వచ్చింది.

'బాబు మియా. పరుపు విప్పిండు. లోపల ఏముందో చూడలే.'

ఆయన లేచి నిలబడ్డాడు. రోడ్డు మీద ఎవరూ ఆయనను చూడటం లేదు. ఆ గొంతు ఆయనకు కొత్త కాదు. ఎప్పుడో ఊరు విడిచిపోయిన చుట్టం మళ్లీ వచ్చి వాకిట్లో నిలబడినట్టు ఉంది. మిషను వేశాడు. ఆ చప్పుడులో మునిగిపోతుందనుకున్నాడు. మిషను కూడా అదే మాట అందుకుంది.

ఆ రోజంతా టాకాలు వేశాడు. ఎన్నడూ సున్నపు దారం కొట్టకుండా కంటితోనే వరస తీసేవాడు. ఆ రోజు వరస వంకర పోయింది. విప్పి మళ్లీ వేశాడు. మళ్లీ వంకర పోయింది. కుడుతూ ఆలోచించాడు. చాయ్ రుచి మారింది. ఎప్పుడు మారింది? కోడలి చేతికి వచ్చిననాడు. కొడుకు, కోడలు పొయ్యి కాడ గుసగుసలాడుకుంటారు. తను పోగానే ఆపేస్తారు. నిన్న పెంటయ్య ముందర గిన్నె ఎందుకు పడింది? అన్నీ ఒకదానికొకటి టాకా పడినట్టు కలిశాయి.

సాయంత్రం ముబషిరా చాయ్ తెచ్చింది. తౌఫీక్ అప్పుడే ఆటో దిగి కాళ్లు కడుక్కుంటున్నాడు.

"నువ్వు తాగు," అన్నాడు బాబు మియా.

"నేను తాగిన మామా."

"ఇది తాగు. నా ముందల తాగు."

ఆమె తౌఫీక్ వైపు కాక, మామ వైపే చూసింది. గ్లాసు ఎత్తి సగం తాగింది. "ఇగో."

"సగమే ఎందుకు తాగినవ్? కింద మిగిలిందాంట్ల ఏమున్నది? ఏం కలిపినవ్?"

"నాయినా!" తౌఫీక్ తడి కాళ్లతోనే వచ్చాడు.

"నువ్వు నోర్మూయ్. ఇద్దరు కలిసే చేస్తున్రు. మీ అమ్మ పోయిననాటి సంది చాయ్ మారింది. నాకు తెల్వదనుకున్నరా?" గ్లాసు లాక్కొని గోడకు కొట్టాడు. గాజు పెంకులు కొత్త పరుపు మీద పడ్డాయి.

ముబషిరా ఒక్కొక్క పెంకు ఏరింది. ఏరుతూ తల ఎత్తకుండా అంది.

"ఏం కలపలే మామా. కలపకపోవుడే తప్పయింది."

"ముబషిరా, వద్దు," అన్నాడు తౌఫీక్.

"ఇంక ఎన్ని దినాలు వద్దు? చాలీస్వా అయినంక చెప్తనంటివి. ఆ లోపల మనిషి ఉంటడా?" ఆమె లేచి లోపలికి పోయి శొంఠి డబ్బా తెచ్చి మామ ముందు బోర్లించింది. శొంఠి కొమ్ములతో పాటు గోలీల అట్టలు పడ్డాయి. కొన్ని సగం వాడినవి. "అత్త రోజూ ఒకటి దంచి శొంఠిల కలిపేది. నీకు తగిలిన చేదు ఇదే. పానం పోయే ముందల నాకు అప్పజెప్పింది."

బాబు మియా అట్ట చేతిలోకి తీసుకోలేదు. చూపుడు వేలితో ఒకదాన్ని తిప్పి చూశాడు.

"మరి నువ్వెందుకు కలపలే?"

"నా తోని గాలే. రోజు దంచిన. రోజు పారబోసిన. నువ్వు గ్లాసు అందుకొని 'బతుకు బిడ్డా' అంటవ్. అట్ల అనేటోనికి తెల్వకుండ ఎట్ల పోస్త? చెప్పి ఇద్దామంటే ఈయన భయపడె."

ఆయన కొడుకు వైపు తిరిగాడు. తౌఫీక్‌కు ముప్పై ఏళ్లు వచ్చాయి. తండ్రి చూపు తగలగానే వాడు గోడకు ఆనుకున్నాడు.

"నీకు ఎప్పటి సంది తెలుసు?"

"చిన్నప్పటి సంది. అమ్మ దంచేటప్పుడు నన్ను గడపల నిలబెట్టేది. నువ్వు ఒస్తుంటే దగ్గుమనేది."

బాబు మియాకు ఆ దగ్గు గుర్తుంది. పిల్లవానికి ఉబ్బసమేమో అని తాయెత్తు కట్టించాడు.

"గోలీలు యాడియి?"

"ముందల పట్నం పెద్ద దవాఖానవి. నిన్ను ఒకసారి కామెర్లని చెప్పి తీస్కపోలే? అదే. అప్పుడు ఇక్కడ యాడ లేకుండె. తరువాత పాలమూరుల ఇచ్చిన్రు. ఇప్పుడు గద్వాలలనే ఇస్తున్రు. అమ్మ పిన్ని ఇంటికని పోయేది చూడు..."

"పిన్ని ఇంటికి పోలే."

"పోలే."

"నేను దిండ్లు కుట్టి పంపిస్తుంటి."

తౌఫీక్ తల వంచుకున్నాడు. "దవాఖాన బయట పండుకున్నోళ్లకు ఇచ్చేది."

మరదలు పిల్లలకని పూల గుడ్డ ఏరి, మెత్తటి దూది ఏరి కుట్టిన దిండ్లు. ఎన్ని పంపినా ఆ ఇంటికి చాలడం లేదని ఆయన అనుకునేవాడు. నవ్వుకునేవాడు కూడా.

"ఎవరెవరికి తెలుసు?"

"పిన్నికి. మందుల షాపాయనకు. పక్కింటోళ్లకు కొంత..." తౌఫీక్ ఆగాడు. "అఫ్జల్ చాచాకు."

"పెంటయ్యకు?"

"పెంటయ్య బాబాయికి తెల్వదు. నువ్వే చెప్పుకుంటివి గద అందరికి, గోలీ ముట్టలేదని. అమ్మ ఏం చేస్తది నాయినా? నువ్వు ఒట్టు పెట్టినవ్. గోలీ పెడితే ఆమె చేతి అన్నం ముట్టనంటివి."

"అన్నం ముట్టనన్న. అందుకని చాయ్‌ల పోసింది."

ఆయన లేచి పరుపు మీద మిగిలిన చిన్న పెంకు ఒకటి తీసి పారేశాడు. ప్రతి సాయంత్రం తాజ్‌బీ ఎదురుగా కూర్చునేది. గ్లాసు ఖాళీ అయ్యేదాకా లేచేది కాదు. ఎంత పని ఉన్నా కూర్చునేది. అడుగున కొంచెం మిగిలితే, 'అది గూడ తాగు, శొంఠి అంతా అడుగుననే ఉంటది' అనేది. పెళ్లయి ఇన్నేళ్లయినా ఇట్లా ఎదురుగా కూర్చునే ఆడది ఎవనికుందని ఆయన అనుకునేవాడు. ఆమె కూర్చున్నది కాపలాకు.

గురువారం పొద్దున ఆయన తయారై అరుగు మీద కూర్చున్నాడు. జేబులో గోలీల అట్ట ఒకటి ఉంది. మింగలేదు. పొద్దటి చాయ్ కూడా తాగలేదు. తౌఫీక్‌తో కలిసి పరుపు ఎత్తి ఆటోలో వేశాడు.

పెంటయ్య కొడుకును తీసుకొచ్చాడు. భరత్ కళ్లు ఎర్రగా ఉన్నాయి. గోలీలు ఆగి రెండు రాత్రులు. కాలు ఒకచోట ఆగడం లేదు. ఆటో ఎక్కేముందు మైకు వైపు చూసి, "అది బంద్ చెయ్యి తౌఫీకన్నా," అన్నాడు. మైకు అప్పటికే బందు చేసి ఉంది. బాబు మియా ఆ మాట విన్నాడు. తను కూడా అదే అడుగుదామనుకున్నాడు.

రాజోలి దారిలో ఆటో గుంతల్లో ఎగిరింది. ఎగిరినప్పుడల్లా పెంటయ్య ఒళ్లోని సంచిలో ఏదో గలగలమన్నది. ఆ చప్పుడును బాబు మియా చెవి కంటే ముందు చీలమండ గుర్తుపట్టింది.

"ఏందది?"

"బర్రెకు," అన్నాడు పెంటయ్య. భరత్ తల మీది నుంచి కన్నుగీటాడు.

దర్గా తుంగభద్ర ఒడ్డున గుట్ట మీద ఉంది. గురువారం కనుక వరండా నిండా జనం. ఒక తల్లి కూతురి జుట్టు పట్టుకొని కూర్చుంది. ఒక ముసలాయన ఎవరితోనో గట్టిగా బేరమాడుతున్నాడు, ఎదురుగా ఎవరూ లేరు. ముజావర్ అఫ్జల్ నెమలీకల కట్టతో అందరి తలలు తాకుతూ వచ్చాడు. ఆటోలోని పరుపు మీద అరచేయి ఒత్తి చూశాడు.

"మాషా అల్లా. తాజ్‌బీ జన్నతుల ఇట్లనే మెత్తగ పండుకోవాలె." తరువాత జనం వైపు తిరిగి బాబు మియా భుజం మీద చేయి వేశాడు. ప్రతి గురువారం వేసినట్టే. "చూడండ్రి. ఈ స్తంభానికే కట్టినం. ఒక్క గోలీ మింగకుండ..."

"అఫ్జల్, జర ఇట్ల రా."

కాళ్లు చేతులు కడుక్కొని వజూ చేసే నల్లాల దగ్గరికి పోయారు.

"ఆ పాలల్ల ఏముండె?"

అఫ్జల్ నల్లా తిప్పాడు. నీళ్లు రాలేదు. మళ్లీ కట్టేశాడు. "తాజ్‌బీ చెప్పి పోయిందా?"

"చెప్పకనే పోయింది. నిన్ను అడుగుతున్న."

"గోలీ ఉండె. కట్టేసిన తెల్లారి నుంచే ఇచ్చినం. నువ్వు ఆమె చేతిది తాగకపోతివి. నా చేతిది తాగితివి. ఆడమనిషి నా కాళ్ల మీద పడ్డది బాబుమియా. దువా నేను చేసిన. దవా ఆమె తెచ్చింది. ఏది పని చేసిందో అల్లాకు తెలుసు."

"నీకు తెల్వదా?"

అఫ్జల్ నెమలీకలు సరిచేసుకున్నాడు. "తెలుసు."

"మరి వారం వారం నన్ను నిలబెట్టి ఒక్క గోలీ మింగలేదని ఎట్ల చెప్పినవ్?"

"నువ్వు పక్కన నిలబడి వింటుంటివి. నీకు తెల్వొద్దని ఒట్టేయించుకున్నది ఆమె."

"వాళ్లు గూడ విన్నరు గద." బాబు మియా వరండా వైపు చూపించాడు.

"నా తాన ఒంటరిగ వచ్చి అడిగినోళ్లకు చెప్తున్న. దవా ఆపకుండ్రి, రెండూ నడవనియ్యుండ్రి అని. ఒట్టు."

"పెంటయ్యకు చెప్పినవా?"

"పెంటయ్య నా తాన రాలే," అన్నాడు అఫ్జల్. "నీ తాన వచ్చిండు."

బాబు మియా చేయి పైకి లేచింది. ఎక్కడికీ పోకుండా దిగింది. ఆయన వెనుదిరిగి నడిచాడు.

వరండాలో పెంటయ్య గొలుసు బయటకు తీశాడు. కొత్త గొలుసు, ఇంకా నూనె వాసన పోలేదు. స్తంభం చుట్టూ ఒక చుట్టు వేసి పొడుగు సరిపోతుందా అని చూస్తున్నాడు. భరత్ రెండడుగుల దూరంలో నిలబడి చూస్తున్నాడు.

"బర్రెకంటివి నాయినా."

"మూడు బేస్తారాలే బిడ్డా. బాబుమియా చాచాను చూడు..."

"చాచాను చూడకు," అన్నాడు బాబు మియా.

జేబులోంచి అట్ట తీసి పెంటయ్య ముఖం ముందు పట్టుకున్నాడు. వరండాలో అందరూ చూస్తుండగానే పట్టుకున్నాడు. "ఇది నేను మింగేది. ఇరవై ఏండ్లు మింగిన. రోజు సాయంత్రం, చాయ్‌ల. గొలుసుతో కాలేదు, దీంతోనే అయింది. తాజ్ పోయినంక ఇచ్చేటోళ్లు లేరు. చెయ్యి ఆగింది. తలకాయ నడుస్తుంది మళ్ల. నిన్న మిషను నాతో మాట్లాడింది."

పెంటయ్య ముఖం మాడింది. "ఇన్నేండ్లు నమ్మించినవ్. నా పోరగాని గోలీలు గుంజుకున్న నీ మాటకు."

"నన్ను నమ్మించిన్రు. నేను నిన్ను నమ్మించిన."

"నీకు తెల్వదంటే ఎవడు నమ్ముతడు? ఇంట్ల మనిషి ఇరవై ఏండ్లు కలిపితే తెల్వకుండ ఉంటదా?"

"చేదు తెలుస్తుండె. శొంఠి అనుకున్న."

ఎవరో కిసుక్కుమన్నారు. జుట్టు పట్టుకున్న తల్లి మాత్రం నవ్వలేదు. కూతురి జుట్టు వదిలి ఆయన చేతిలోని అట్టనే చూస్తోంది.

భరత్ దగ్గరికి వచ్చి అట్ట తిప్పి పేరు చదివాడు. "నాదీ ఇదే చాచా. నేను తెలిసి మింగుతున్న. నువ్వు తెల్వక మింగినవ్. మరి మనిద్దరిల పిచ్చోడెవడు?"

"మీ నాయిన," అన్నాడు బాబు మియా.

భరత్ నవ్వాడు. నవ్వుతుంటే కళ్లలో నీళ్లు తిరిగాయి. తండ్రి ముందు అరచేయి చాపాడు. "ఇయ్యి నాయినా. నా తలకాయ ఇరుగుతుంది. పూలు ఇరిగితే ఇరగనియ్యి."

పెంటయ్య గొలుసును స్తంభం నుంచి లాగి సంచిలో వేశాడు. ఆఖరికి జేబులోంచి అట్ట తీసి, కొడుకు చేతిలో పెట్టలేక, వరండా గట్టు మీద పెట్టాడు. భరత్ తీసుకున్నాడు. నల్లాలో నీళ్లు లేవు. దర్గా కుండలోని నీళ్లు ముంచుకొని మింగాడు.

"నువ్వు మింగవా చాచా?"

"నా సంగతి నేను చూసుకుంట."

తౌఫీక్ పరుపు దించడానికి ఆటో వెనక తలుపు తీస్తున్నాడు. "దించకు," అన్నాడు బాబు మియా. అఫ్జల్ మెట్ల మీదే ఉన్నాడు. ఆయనకు వినబడేలా మళ్లీ అన్నాడు. "ఇది వాపస్ పోతది."

తిరుగు దారిలో భరత్ పరుపు మీద ఒరిగి నిద్రపోయాడు. రెండు రాత్రుల నిద్ర. నోరు తెరుచుకుంది. గుంత వచ్చినప్పుడల్లా పెంటయ్య గొలుసు చప్పుడు కాకుండా సంచిని రెండు చేతులతో అదిమి పట్టుకున్నాడు. మానవపాడులో దిగేటప్పుడు కూడా సలాం చెప్పలేదు.

శుక్రవారం నమాజు తరువాత జనం వచ్చారు. మరదలు గద్వాల నుంచి వచ్చింది. దస్తరఖాను పరిచి తాజ్‌బీకి ఇష్టమైనవన్నీ పెట్టారు. బగారన్నం, దాల్చా, గోధుమ రొట్టె, సేమ్యా. మరదలు చివర ఒక గ్లాసు తెచ్చి పెట్టింది. శొంఠి చాయ్.

"అక్కకు శొంఠి చాయ్ అంటే పానం," అంది.

బాబు మియా గ్లాసు వైపు చూశాడు. తాజ్‌బీ ఏనాడూ శొంఠి చాయ్ తాగలేదు. తనకు ఉత్త చాయ్ వేరే గిన్నెలో పెట్టుకునేది. అది ఆయన రోజూ చూశాడు. ఎందుకని ఒకనాడూ అడగలేదు. గ్లాసును దస్తరఖాను మీది నుంచి తీసి పక్కన పెట్టాడు. మరదలు ఆయన కళ్లలోకి చూసి, తల దించుకొని జరిగి కూర్చుంది.

ఫాతెహా అయింది. పేష్ ఇమాం ముఖానికి చేతులు తుడుచుకొని, ఇటువంటప్పుడు అడిగే మాట అడిగాడు. "మర్హూమా తాజ్‌బీ వల్ల ఎవరికన్న ఏమన్న తక్లీఫు అయి ఉంటే ఈ పొద్దు మాఫ్ చెయ్యండ్రి. మాట గాని, చేత గాని."

"మాఫ్," అన్నారు అందరూ. ఆడవాళ్లు కూడా గోడ వెనక నుంచి అన్నారు. తౌఫీక్ అన్నాడు. ఇమాం బాబు మియా వైపు తిరిగాడు. మొగుడు గట్టిగా అనాలి. అది వాడుక.

బాబు మియా అనలేదు.

"బాబుమియా?"

ఆయన దస్తరఖాను మీది ఒక మెతుకు తీసి పళ్లెంలో వేశాడు. జనం ఎదురుచూశారు. ఎవరో దగ్గారు. ఆ దగ్గుకు ఆయన తల ఎత్తి చూసి మళ్లీ దించుకున్నాడు. ఇమాం ఇంకో దువా అందుకొని ఆ మాటను దాటించేశాడు. అన్నాలు వడ్డించారు.

జనం పోయాక మరదలు అరుగు మీది పరుపు చూసింది. "ఇంక ఇయ్యలేదా బావా? నలభై దినాలు దాటనియ్యొద్దు. ఆమె పానం ఈన్నే తిరుగుతది."

"తిరగనియ్యి," అన్నాడు బాబు మియా. "నాకు ఆమె తోని మాట ఉన్నది."

పొద్దు గూకేవేళ పరుపును లోపలికి లాగి తన చోట వేసుకున్నాడు. వంకర పోయిన టాకా వరస అలాగే ఉంది. దాని మీద కూర్చున్నాడు. ముబషిరా అలవాటు చొప్పున పొయ్యి మీద చాయ్ గిన్నె పెట్టబోయింది.

"చాయ్ వద్దు. నీళ్లియ్యి. ఆ డబ్బల నుంచి ఒకటి తీసి చేతుల పెట్టు."

ఆమె నీళ్ల చెంబు తెచ్చింది. గోలీ తీసి ఆయన అరచేతిలో పెట్టింది. చిన్నది. కందిగింజంత కూడా లేదు. "సోమవారం గద్వాలల డాక్టరు కూసుంటడు మామా," అంది నెమ్మదిగా. "చూపించకుండ మళ్ల సురువు చేసుడు మంచిది గాదంటరు. రేపు ఫోను చేసి అడగమంటవా?"

"చెయ్యి. ఇన్నేండ్లు మీ అత్త పేషంటు రాడని చెప్పి తెచ్చింది గద. ఈ పాలి పేషంటే వస్తుండని చెప్పు."

ఆమె తల ఊపింది. పోకుండా ఎదురుగా గోడకు ఆనుకొని కూర్చుంది.

"ఎందుకు కూసున్నవ్?"

"ఊకెనే."

"ఊకెనే కూసోవద్దు నా ముందల. పో, నీ పని చూసుకో."

ముబషిరా లేచి పోయింది. గడపలో ఎవరూ లేరు. ఎవరూ దగ్గలేదు. బాబు మియా అరచేతిలోని గోలీని కాసేపు చూశాడు. పారేసినా ఎవరికీ తెలియదు. నోట్లో వేసుకున్నాడు. గోలీ మింగడం ఆయనకు రాదు. పంటి కింద పెట్టి కొరికాడు.

నాలుక కొసకు చేదు తగిలింది. అదే చేదు.

ఆయన నీళ్లు తాగలేదు. అది మొత్తం కరిగిపోయేదాకా అట్లాగే కూర్చున్నాడు.